స్కోరు రాయకపోతే గోల్ఫ్ కాదా?

"స్కోరు కార్డు పట్టనివాడు గోల్ఫర్ కాదు, గడ్డి మీద వాకింగ్‌కి వచ్చినవాడు" అని ఒక మెసేజ్ తెగ తిరుగుతోంది. ఆట పుట్టిందే షాట్ల లెక్క కోసమట, లెక్క రాయనివాళ్ల వల్లే వెనకవాళ్లకు ఆలస్యమట, లెక్క లేకపోతే ఆట బాగుపడదట, అంత ఫీజు కట్టి ఊరికే తిరగడం దండగట.

పుట్టుక సంగతి చూద్దాం. జనం విలువిద్య వదిలేసి దీని వెంట పడుతున్నారని స్కాట్లాండ్ పార్లమెంటు 1457లోనే గోల్ఫ్‌ని నిషేధించింది. మనకు తెలిసిన మొదటి రాతపూర్వక రూల్స్, మొత్తం 13, స్కాట్లాండ్‌లోని లీత్‌లో 1744లో వచ్చాయి. అవి పోటీ కోసమే రాశారు, కాదనను. కానీ ఆ పోటీలో చూసింది ఎవరు ఎక్కువ హోల్స్ (బంతిని ఒక్కో గుంతలో వేసేదాకా సాగే ఆట భాగాలు) గెలిచారన్నదే. ఒక హోల్‌లో చిత్తుగా ఓడినా తర్వాతి హోల్ మళ్లీ సున్నా నుంచే. మొత్తం షాట్లు కూడి చూడటం ఆ తర్వాత వచ్చిన అలవాటు.

ఇక ఆలస్యం. ఇది మాత్రం నిజంగా ఒళ్లు మండించే మాట. మూడడుగుల పట్‌ని (బంతిని గుంతలోకి దొర్లించే షాట్‌ని) నాలుగు వైపుల నుంచీ వంగి చూసేదెవరు? బంకర్లో, అంటే ఇసుక గుంటలో, ఆరో షాట్ కూడా వదలకుండా కొట్టేదెవరు? కార్డు ఉన్న ఆయనే! లెక్క లేనివాడు బంతి జేబులో వేసుకుని తర్వాతి టీ (హోల్ మొదలయ్యే చోటు) దగ్గరికి వెళ్లిపోతాడు. డాక్టర్ ఫ్రాంక్ స్టేబుల్‌ఫర్డ్ పాయింట్ల పద్ధతితో 1932లో ఇంగ్లండ్‌లోని వాలసీ క్లబ్బులో పోటీ పెట్టింది ఒక్క చెడ్డ హోల్‌తో ఆటగాడు చేతులెత్తేయకూడదనే, ఒక హోల్ చెడితే సున్నా పాయింట్లు, అంతే, రౌండంతా పాడైపోదు. ఫెయిర్‌వే (కత్తిరించిన గడ్డి దారి) మధ్యలో నిలబడి ఫొటోలు దిగేవాళ్లున్నారు, తిట్టండి, నేనూ తిడతాను, కానీ వాళ్లకు లేనిది మర్యాద, కార్డు కాదు.

బాగుపడటం గురించి అన్నది సగం నిజం. హ్యాండిక్యాప్ (ఆటగాడి స్థాయిని చెప్పే అంకె) కావాలంటే స్కోర్లు ఇవ్వాల్సిందే. అయితే 2020లో వచ్చిన ప్రపంచ హ్యాండిక్యాప్ పద్ధతి కూడా ఒక్కో హోల్‌కి పరిమితి పెట్టి, దాన్ని దాటిన షాట్లను వదిలేస్తుంది. పైగా స్కోరు టెన్షన్‌లో ఉన్నవాడు చెట్ల కింద నుంచి తక్కువ ఎత్తులో కొట్టే షాట్ ఎప్పుడు ప్రయత్నిస్తాడు? నేను వెనక ఎవరూ లేనప్పుడు రెండో బంతి కూడా వేసి చూస్తాను.

ఫీజు దండగా? హైదరాబాద్ గోల్కొండ నయా ఖిలా గోల్ఫ్ కోర్సులో (అక్కడ కోర్సు ఉండొచ్చా అన్న గొడవ వేరే, ఇప్పుడు దాని జోలికి పోను) పాత కోట గోడల పక్కన పొద్దున్నే నడుస్తూ, రౌండంతటికీ సెవెన్ ఐరన్ అనే కర్రతో కొట్టిన ఒక్క షాట్ సరిగ్గా తగిలినా, ఆ మెత్తదనం చేతుల్లో ఉండిపోతుంది. ఫీజు ఇద్దరికీ ఒకటే కదా. మొత్తం 110 షాట్లు కొట్టి, కార్డు చింపేసి, ముఖం మాడ్చుకుని పార్కింగ్‌కి వెళ్లేవాడికి గిట్టిందనీ నాకు దండగైందనీ ఏ లెక్కన తేల్చారో మరి.