ఊరి రిజిస్టర్లలో అమెరికా

అమెరికా స్వాతంత్ర్యానికి 2026తో 250 ఏళ్లు. వాషింగ్టన్, జెఫర్సన్‌ల పేర్లు మారుమోగడం సహజమే. కానీ అక్కడి ప్రజాపాలన 1776లో ఊడిపడింది కాదు. అంతకు వందేళ్లకు పైగా ముందే మసాచుసెట్స్ పల్లెల్లో జనం కూర్చుని తమ ఊరి సంగతులు తామే తేల్చుకునేవారు. ఆ అలవాటును భయంగా చూసింది కాబట్టే, ఏటా ఒక్కసారికి మించి ఊరి సభ పెట్టాలంటే గవర్నర్ అనుమతి కావాలని 1774లో బ్రిటిష్ పార్లమెంటు చట్టం చేసింది.

ఈ చరిత్రను చరిత్రకారుడు కెన్నెత్ లాక్‌రిడ్జ్ వెతికిన తీరు మాకు ఎంతో విలువైనదిగా తోస్తోంది. బోస్టన్ దగ్గరి డెడ్హామ్ అనే ఒక్క ఊరి తొలి నూరేళ్లపై ఆయన 1970లో పుస్తకం వెలువరించారు. సభల మినిట్స్, పన్నుల జాబితాలు, భూముల పంపకం లెక్కలు, చర్చి రిజిస్టర్లు ఆయనకు ఆధారం. 1639లో ఊరివాళ్లు ఏడుగురు పెద్దలను ఎన్నుకుని రోడ్లు, కంచెలు, పన్నులు వారికి అప్పగించారు. ఎన్నిక ఏటా జరిగేది. అయినా 1687 దాకా ఆ పదవి దక్కింది 43 మందికే. వారిలోనూ పదిమంది ఒక్కొక్కరు సగటున ఇరవై సార్లు గెలిచారు. వయసు, ఆస్తి, దైవభక్తి ఉన్నవాడి మాటకు జనం తలొగ్గేవారు. 18వ శతాబ్దం వచ్చేసరికి ఊరు పెరిగింది, శివారు పేటలు వేరే చర్చి కావాలని పట్టుబట్టాయి, పగ్గాలు పెద్దల చేతుల్లోంచి సభ చేతుల్లోకి జారాయి. ఆడవాళ్లకు మాత్రం అప్పుడూ ఓటు లేదు.

తగవు వస్తే ముందు ఊళ్లోని కొద్దిమంది మధ్యవర్తుల దగ్గర తేల్చుకోవాలని, తమతో పొసగని వాళ్లను ఊళ్లోకి రానివ్వరాదని డెడ్హామ్ వాళ్లు మొదట్లోనే ఒడంబడిక రాసుకున్నారు. మొదటి షరతు ముచ్చటేస్తుంది, రెండోది గుచ్చుకుంటుంది. పొరుగున నేటిక్‌లోని ఆదివాసులతో భూమి గొడవ వచ్చినప్పుడైతే ఆ సామరస్యం ఏమీ పనిచేయలేదు, డెడ్హామ్ కోర్టుకెక్కింది. సుమారు 2,000 ఎకరాలు ఆదివాసులకే వదిలేసి, బదులుగా డెడ్హామ్‌కు మరోచోట 8,000 ఎకరాలు ఇచ్చారు. అదీ పోకమ్టక్ ఆదివాసుల నేలే. 250 ఏళ్ల ఉత్సవాల్లో ఈ పేజీకీ చోటు దక్కాలి.