వేరే శాఖకు పంపడం బదిలీ కాదు

మొన్న రాత్రి తొమ్మిదింటికి నాతో పనిచేసిన తమ్ముడొకతను ఫోన్ చేశాడు. "అక్కా, రేపు పదింటికల్లా రిలీవ్ అవ్వమంటున్నారు. వేరే డిపార్ట్‌మెంట్ అట. ఏం చెయ్యను?" గొంతులో టెన్షన్ తెలుస్తూనే ఉంది.

ఆర్డర్ ఫోటో పంపమన్నాను. ఒకటిన్నర పేజీ. 'పరిపాలనా సౌలభ్యం దృష్ట్యా' అని మొదలైంది. ఏ రూల్ కిందో లేదు. డిప్యుటేషనా (కొంతకాలానికి వేరే చోటికి పంపడమా), శాశ్వత విలీనమా అన్నదీ లేదు. లియన్, అంటే పాత పోస్టు మీద మనకుండే హక్కు, దాని ఊసే లేదు. చివర మాత్రం ఒక ఖాళీ గీత, పక్కన 'సమ్మతి తెలుపుతూ సంతకం' అని.

ఆ గీత చూస్తే నాకు ఒళ్లు మండింది. పదకొండేళ్ల క్రితం నేనూ అలాంటి కాగితం మీదే సంతకం పెట్టాను. చదవకుండా కాదు, చదివే పెట్టాను, పెద్దసారు చెప్పారని. తర్వాత సీనియారిటీ లిస్టులో నా పేరు అడుగున వచ్చింది. కారణం అడిగితే సర్వీస్ రిజిస్టర్ తెరిచి చూపించారు: 'స్వంత కోరికపై'. సొంత కోరిక మీద వేరే యూనిట్‌కు వెళ్తే అక్కడ చేరిన రోజు నుంచే సీనియారిటీ. నాకన్నా వెనక చేరినవాళ్లు నాకన్నా ముందు ప్రమోషన్ తీసుకున్నారు.

బదిలీ ఉద్యోగంలో భాగమే, దాన్ని కాదనను. 1991లో శిల్పీ బోస్ కేసులో సుప్రీంకోర్టు అదే చెప్పింది: రూల్‌కు విరుద్ధంగానో దురుద్దేశంతోనో ఉంటే తప్ప బదిలీల్లో కోర్టులు వేలు పెట్టకూడదని. కానీ అది మన కేడర్‌లో (మనల్ని తీసుకున్న పోస్టుల వర్గంలో), మన సర్వీసులో జరిగే బదిలీ మాట. డిప్యుటేషన్‌కు ఉద్యోగి సమ్మతి కావాలని 1999లో ఉమాపతి చౌధురి కేసులో అదే కోర్టు చెప్పింది. అంతకు ముందు 1989లో, ఇంఫాల్‌లోని జేఎన్‌యూ పీజీ సెంటర్‌ను మణిపూర్ యూనివర్సిటీకి అప్పగించినప్పుడు, అక్కడి అధ్యాపకుణ్ణి ఆయన ఒప్పుకోకుండా కొత్త యజమానికి అప్పగించడం కుదరదంది.

'శాఖలన్నీ ఒకే ప్రభుత్వానివి కదా' అంటారు. నిజమే, యజమాని ఒక్కరే. కానీ మనల్ని తీసుకున్నది ఒక కేడర్‌లోకి, ఒక సర్వీస్ రూల్స్ కింద. ఆ గడప దాటించాలంటే ఏదో ఒక రూల్ చూపించాలి. కేంద్రంలో ఫండమెంటల్ రూల్ 15 అయితే, అసమర్థత, దుష్ప్రవర్తన లేదా ఉద్యోగి రాతపూర్వక కోరిక ఉంటే తప్ప, లియన్ ఉన్న పోస్టు కన్నా తక్కువ జీతమున్న పోస్టుకు పంపకూడదంటుంది. మళ్లీ చూడండి, ఆ 'కోరిక' దగ్గరే తలుపు తెరుచుకుంటోంది. అందుకే ఆ సంతకం అడుగుతారు.

తెలంగాణలో వీఆర్వోల సంగతి ఇంకా కళ్లముందే ఉంది. 2020లో చట్టం చేసి పోస్టులే రద్దు చేశారు. పోస్టు రద్దు చేసే అధికారం ప్రభుత్వానికి ఉంది, ఇంటికి పంపకుండా వేరే శాఖల్లో సర్దడం మంచిదే. కానీ 2022లో 5 వేలకు పైగా మందిని లాటరీ తీసి పంచారు! పహాణీలు, పంట లెక్కలు తెలిసిన మనిషి ఏ శాఖలో కూర్చోవాలో చీటీ తేల్చింది. తిరిగి 2025లో పరీక్ష పెట్టి కొందరిని గ్రామ పాలనాధికారులుగా వెనక్కి తెచ్చుకున్నారు. మధ్యలో పోయిన ఏళ్లకు సీనియారిటీ ఎవరు లెక్క కట్టాలి?

బీఎస్ఎఫ్ నుంచి ఢిల్లీ పోలీసులోకి వచ్చి విలీనమైన ఎస్సైల కేసులో, పాత సమాన పోస్టులోని సర్వీసు కూడా సీనియారిటీకి లెక్కించాలని 1999లోనే సుప్రీంకోర్టు తేల్చింది. మన ఆఫీసుల్లో ఎంతమందికి తెలుసు ఆ సంగతి?

తమ్ముడికి ఒకటే చెప్పాను: చేరకుండా ఇంట్లో కూర్చోకు, స్టే లేకుండా అలా చేస్తే క్రమశిక్షణ చర్య నీ మీదికే వస్తుంది. కానీ ఆ గీత మీద సంతకం పెట్టకు. పొద్దున్నే వెళ్లి తెల్లకాగితం మీద రాసిచ్చాడు: 'నా సమ్మతి లేదు. ఆదేశం మేరకు చేరుతున్నాను. లియన్, సీనియారిటీ మాతృశాఖలోనే ఉంచాలి. ఏ రూల్ కింద పంపారో తెలుపగలరు.' ఇన్‌వర్డ్ నంబర్, స్టాంపు, తేదీ వేయించుకుని ఆ కాపీ నాకు ఫోటో తీసి పంపాడు.