ఇష్టపడి చేసే పని, ఒకరి కోసం చేసే పని

‘మీకు ఇష్టమైన పనే చేయండి’ అని నల్లగొండ, పాలమూరు కాలేజీల్లో మోటివేషన్ క్లాసులు చెప్పేవాళ్లు పిల్లలకు చెప్పి వెళ్తుంటారు. (బొంబాయి బస్సెక్కే వలస కూలీని ఆ మాట చెప్పే నాథుడే లేడు, అది వేరే సంగతి.) ఆ పని ఎవరి అక్కర తీరుస్తుందన్న మాట మాత్రం ఆ క్లాసుల్లో రాదు.

రెండింటికీ తేడా ఒకే మనిషిలో చూడాలంటే దుశర్ల సత్యనారాయణను చూడాలి. ఉమ్మడి నల్లగొండలోని రాఘవాపురంలో సొంత భూమి 70 ఎకరాలను ఆయన అడవి చేశారు. చిన్ననాటి నుంచీ ఉన్న మక్కువ అది. అందుకు ఎవరినీ ఒప్పించనక్కర్లేదు, చెట్టు పెరిగితే చాలు. అదే మనిషి బ్యాంకు ఉద్యోగం వదిలి జలసాధన సమితి పెట్టింది మాత్రం ఫ్లోరైడ్ నీళ్లు తాగి ఎముకలు వంగిపోయిన వాళ్ల కోసం. అది ఒక్కరితో అయ్యేది కాదు. సమితి పిలుపు మీద బాధితులూ బరిలో దిగడంతో 1996 లోక్‌సభ ఎన్నికల్లో నల్లగొండ స్థానానికి 480 మంది నిలబడ్డారు. బ్యాలెట్ పుస్తకమంత కావాల్సి వచ్చింది, పోలింగ్ వాయిదా పడింది. ఆ బాధితులకు రాజకీయాల మీద మోజూ లేదు, గెలుస్తామన్న ఆశా లేదు. దేశం తమ నీళ్ల గోస వినాలి, అంతే.

ఇష్టంతో చేసే పని ఎక్కడ ఆపాలో మనమే తేల్చుకుంటాం. ఇంకొకరి కోసం చేసే పనిలో ఆ మాట చెప్పాల్సింది వాళ్లే.

ఆలేరు చింతకింది మల్లేశం తల్లి లక్ష్మి ఒక్క చీరకు ఆసు పోయాలంటే, అంటే నేతకు ముందు నూలును కొయ్యల చుట్టూ తిప్పాలంటే, దాదాపు 9 వేల సార్లు చేయి ఆడించాల్సి వచ్చేది. ఆమె భుజం నొప్పి చూసి మల్లేశం మొదలుపెట్టిన ఆసు యంత్రం 1999కి గానీ పూర్తికాలేదు. నడుమ డబ్బుల్లేక హైదరాబాద్‌లో కూలికి పోయారు. యంత్రాల మీద సరదా ఒక్కటే అయితే ఏదో ఒక భాగం తిరిగిన రోజే తృప్తి పడొచ్చు. ఇక్కడ అమ్మ చేతికి విశ్రాంతి దొరికేదాకా పని అయినట్టు కాదు. పద్మశ్రీ వచ్చింది 2017లో, చాలా తర్వాత.

ఇందులో ఒక మోసం కూడా ఉంది. ఒకరి కోసం చేస్తున్నామన్న భావన మీద బేరాలాడేవాళ్లు ఎక్కువ. ప్రైవేటు బడిలో టీచరమ్మ జీతం పెంచమంటే ‘ఇది సేవ కదమ్మా’ అంటారు. అదే బడిలో పిల్లల ఫీజు ఒక్క నెల ఆగితే హాల్‌టికెట్ ఇవ్వరు.