కోర్టు మెట్లెక్కేది బ్యాంకు కాదు
కోర్టుల్లో ఏళ్లు గడిచిపోవడం వల్లే బ్యాంకుల ఇంటి తాకట్టు బాకీలు వసూలు కావడం లేదని వ్యాసంలో రాశారు. నాకైతే సగమే నిజం అనిపిస్తోంది. తాకట్టు ఆస్తి నుంచి బ్యాంకులు తామే బాకీ రాబట్టుకునేందుకు తెచ్చిన 2002 నాటి సర్ఫేసీ చట్టం ప్రకారం ఇల్లు తాకట్టు పెట్టించుకున్న బ్యాంకు దావా వేయనక్కర్లేదు. 60 రోజుల నోటీసు ఇచ్చి, బాకీ తీరకపోతే స్వాధీనానికి దిగొచ్చు. మేజిస్ట్రేటు దగ్గరకు వెళ్లేది ఇల్లు ఖాళీ చేయించే సాయం కోసమే. కోర్టు చుట్టూ తిరగాల్సింది అప్పు తీసుకున్నవాడు. అదీ సొంతూళ్లో కాదు, గుంటూరు వాళ్లయినా బెజవాడ వాళ్లయినా బ్యాంకు స్వాధీనానికి దిగిన 45 రోజుల్లో విశాఖలోని డీఆర్టీకి, అంటే బ్యాంకు బాకీల వివాదాలు తేల్చే ట్రిబ్యునల్‌కి, పరిగెత్తాలి. మా బాబాయిది గుంటూరులో మిర్చి వ్యాపారం. ధర పడిపోయిన ఏడాది కిస్తీలు ఆగి, బ్రాడీపేట ఇంటి మీద నోటీసు వచ్చింది. దానికి అభ్యంతరం రాసిస్తే బ్యాంకు 15 రోజుల్లో కారణాలతో జవాబివ్వాలని లాయర్ చెప్పేదాకా ఇంట్లో ఎవరికీ తెలియదు. బ్రాంచిలో వాళ్లు మాత్రం ఎందుకు చెబుతారు లెండి! పైగా 2016 సవరణ తర్వాత ఇల్లు దక్కాలంటే వేలం ప్రకటన వెలువడేలోపే బాకీ మొత్తం కట్టాలి, వేలం రోజు డబ్బు పట్టుకెళ్లి లాభం లేదు. ఆలస్యం ఉన్నది వ్యవసాయ భూముల దగ్గర. వాటికి ఈ చట్టం వర్తించదు. బాకీ 20 లక్షల లోపైతే సివిల్ కోర్టులో దావా వేసి డిక్రీ, అంటే కోర్టు తీర్పు ఉత్తర్వు, కోసం బ్యాంకు ఎదురుచూడాల్సిందే. అక్కడ వ్యాసకర్త మాట ఒప్పుకుంటాను.