అసలు, వడ్డీ, ఆరు తీగలు

బ్యాంకు ఉద్యోగంలో నాకిది ముప్ఫయ్యో ఏడు. అసలేదో వడ్డీ ఏదో ఒకరు చెప్పక్కర్లేదు. అప్పు తీసుకున్నవాడు అసలు గురించి ఆలోచించడు, ఇచ్చిన మేమూ పెద్దగా ఆలోచించం. బ్రాంచిలో దీపం వెలిగేది వడ్డీతోనే. మనవడు పుట్టగానే కొడుకు మొహం చూడ్డం మానేసిన మన పెద్దలు కూడా అసలు కంటే వడ్డీ ముద్దని ఎప్పుడో తేల్చేశారు. అందుచేత, నలభై తొమ్మిదో ఏట చెన్నై టీనగర్లో గిటార్ క్లాసులో చేరి, జాజ్ పద్ధతిలో ఒక్కణ్ణే కూర్చుని పాట మొత్తం వాయించే విద్యకి దిగినప్పుడు నాకు ఏ సందేహమూ కలగలేదు. బాణీ అసలు. దాని మీద వేసే హంగులు వడ్డీ. ఇంత తేలికైన లెక్క ఈ మహానగరంలో నాకు తప్ప ఎవరికీ తెలియదని మొన్న ఉగాది నాడు రుజువైంది. బాధ్యతగల పౌరుడిగా ఈ నాలుగు ముక్కలూ రాయక తప్పడం లేదు.

ముందు, విషయం తెలియనివాళ్ళ కోసం. జాజ్‌లో దీన్ని కార్డ్ మెలొడీ అంటారు. పక్కన డ్రమ్స్ ఉండవు, బేస్ ఉండదు, పాడే మనిషి ఉండడు. పైన బాణీ, దాని కింద కార్డులు (అంటే ఒకేసారి మోగే స్వరాల గుత్తులు), ఆ కింద మంద్రంగా నడిచే బేసు. ముగ్గురి సంసారమూ ఒకే గిటార్ మీద ఈదాలి. పియానో వాయించేవాడికి 88 మెట్లు, పది వేళ్ళు. మనకి ఆరు తీగలు. ఎడంచేతి బొటనవేలు మెడ వెనక దాక్కుంటుంది కనక, నొక్కడానికి మిగిలేవి నాలుగు వేళ్ళు. సింగిల్ బెడ్రూం ఫ్లాట్లో ఉమ్మడి కుటుంబమన్నమాట. జార్జ్ వాన్ ఎప్స్ అనే అమెరికా ఆయన ఈ ఇరుకు భరించలేక 1930ల చివర్లో ఏడో తీగ వేయించుకున్నాడు. తన పద్ధతిని ఒళ్ళో పియానో అనేవాడు. ఆయనకి స్థోమత ఉంది, వేయించుకున్నాడు.

మామూలుగా అందరూ చేసేదేమిటంటే, బాణీని పైన రెండు తీగల మీదికి ఎక్కిస్తారు. గిటార్ కాగితం మీద రాసినదానికి ఒక స్థాయి కింద పలుకుతుంది. నొటేషన్‌లో ఉన్నది ఉన్నట్టు వాయిస్తే బాణీ నడిమి తీగల్లో పడి, దాని కింద కార్డుకి కాలు చాపుకునే చోటు ఉండదు. అందుకని ఒక స్థాయి పైకి జరుపుతారు. రెండో కారణం మనిషి చెవి. నాలుగు స్వరాలు ఒకేసారి మోగితే చెవి సాధారణంగా అన్నిటికన్నా పైనున్నదాన్ని పట్టుకుని అదే పాట అనుకుంటుంది.

సరిగ్గా ఇక్కడే మనకి అవకాశం. బాణీ నెత్తిన ఇంకో స్వరం పెట్టామా, చెవి దాని వెంట పోతుంది. అసలు పాట, దీపావళి ముందు ఆదివారం రంగనాథన్ వీధి బజారు రద్దీలో అమ్మ చెయ్యి వదిలేసిన పిల్లాడిలా, ఎక్కడో ఏడుస్తున్నట్టు వినిపిస్తుంది గానీ కనిపించదు. కొందరు దీన్ని తప్పంటారు. ఖాతాదారు వివరాలు గోప్యంగా ఉంచడం మా వృత్తిధర్మం. బాణీ మాత్రం ఏం పాపం చేసింది?

ఇంకో చిక్కుంది. గిటార్ తీగ మీటిన క్షణం నుంచీ ఆ స్వరం చావడం మొదలుపెడుతుంది. వయొలిన్ వాడు విల్లు లాగినంతసేపు స్వరాన్ని బతికించుకుంటాడు. పాడేవాళ్ళకి ఊపిరుంది. మనకేముంది? పాటలో నాలుగు మాత్రలు నిలబెట్టాల్సిన చోట గిటార్ రెండో మాత్రకే నీరసపడుతుంది. మిగిలిన రెండూ ఖాళీ. ఖాళీ అంటే బ్యాంకువాడికి పని చెయ్యకుండా పడున్న సొమ్ము. పైవాళ్ళు చూస్తే సంజాయిషీ అడుగుతారు. అందుకే నా పాటలో ఒక్క మాత్ర కూడా ఖాళీగా ఉంచలేదు. ఖాళీ కనపడిన చోట ఒక పరుగు, పరుగు ఆగిన చోట ఒక కార్డు, కార్డు వాడిపోయేలోగా బేసు తీగ మీద మెట్లు దిగడం. పాటలో ఎవరైనా ఊపిరి పీల్చుకునే సందు ఉందేమోనని రెండుసార్లు ఆడిట్ చేశాను. లేదు.

పాటంటే, మా పెద్దమ్మకి ఇష్టమైన ఘంటసాల పాట. అరవైల నాటిది. పల్లవి మొత్తం పదహారు బార్లు, అంటే పదహారు తాళపు గడులు. దానికి ఎనిమిది నెలలు పట్టింది, నలభై మూడు కార్డులు పట్టాయి. మామూలు సెవెంత్ కార్డు (మొదటి స్వరంతో దాన్నుంచి మూడోది, ఐదోది, ఏడోది కలిసిన గుత్తి) ఉండాల్సిన ప్రతిచోటా దానికి సరిగ్గా మూడు టోన్ల, అంటే ఆరు మెట్ల, దూరంలో ఉన్న ఇంకో సెవెంత్ కార్డు పెట్టాను. రెండిట్లోనూ ఉన్న మూడో స్వరం, ఏడో స్వరం అవే రెండు. స్థానాలు మార్చుకుంటాయి, అంతే. కనక చెవి ఒప్పుకుంటుంది. దీన్ని ట్రైటోన్ సబ్‌స్టిట్యూషన్ అంటారు. ఒకచోట వాడితే రుచి. నేను పదకొండు చోట్ల వాడాను. చివర్లో లెన్నీ బ్రో అనే జాజ్ గిటారిస్టు లాగా హార్మోనిక్స్ కూడా పెట్టాను. ఎడంచేత్తో నొక్కిన చోటుకి పన్నెండు మెట్ల అవతల కుడిచేతి చూపుడువేలు తీగకి ఆనీ ఆననట్టు తాకించి, అదే చేతి ఇంకో వేలితో మీటాలి. గాజుగాజులుగా మోగుతుంది.

ఉగాది సాయంత్రం హాల్లో పాతికమంది చేరారు. చేతుల్లో పచ్చడి గిన్నెలు. నేను ఉపోద్ఘాతం మొదలుపెట్టాను. అది ఒక నిమిషం నలభై సెకన్లు. పెద్దమ్మ ఒళ్ళో చేతులు పెట్టుకుని, పాట ఎప్పుడు మొదలవుతుందా అని నా వేళ్ళకేసి చూస్తోంది. అప్పటికి పల్లవి సగం అయిపోయింది. హార్మోనిక్స్ వచ్చేసరికి ముగ్గురు జేబులు తడుముకున్నారు. ఒకాయన ఫోన్ తీసి చూసి, "నాది కాదు" అని పక్కాయనకి చెప్పాడు.

అయిపోయిందని ముందు గ్రహించింది కింద ఫ్లాట్ మామి. చెన్నైలో కచేరీల నెల మార్గళి వచ్చిందంటే ఆవిడ ఒక్కటీ వదలదు. తని ఆవర్తనంలో, అంటే మృదంగం వాళ్ళు మాత్రమే వాయించే ఘట్టంలో, జనమంతా క్యాంటీన్‌కి పరిగెత్తినా కూర్చునే మనిషి. "ఆలాపన బాగుంది, కృతి ఎప్పుడు?" అని అడిగింది. మా బావ ఇంకో అడుగు ముందుకేశాడు. "లోన్ శాంక్షన్ అయినట్టే ఉంది గానీ సొమ్ము మా చేతికి రాలేదు బావా" అన్నాడు. పెద్దమ్మ ఏమీ అనలేదు. "చాలా శ్రమపడ్డావు నాన్నా, కాస్త పచ్చడి తిను" అంది.

సమాజం సంగతి ఇది. పోనీ మా మాస్టారైనా నా పక్షాన ఉంటారనుకున్నాను. కోడంబాక్కం సినిమా రికార్డింగ్ థియేటర్లలో పాతికేళ్ళు వాయించినాయన. సగం తెలుగు, సగం తమిళం, తిట్టేటప్పుడు పూర్తి తెలుగు. మొత్తం విని, "ఇప్పుడు పాడు" అన్నారు.

"నాకు పాట రాదు మాస్టారూ."

"మాటలొచ్చుగా? మాటలతో పాడు. మాట ఎక్కడ ఆగిందో అక్కడ నీ ఫిల్లు, ఖాళీ నింపే ముక్క. మాట మీద ఫిల్లేస్తే పిలవని పేరంటానికి వెళ్ళినట్టు."

తర్వాత పెన్సిల్ తీసి నా నలభై మూడు కార్డులూ కొట్టేయడం మొదలుపెట్టారు. ఐదో స్వరం అక్కర్లేదట. మూడు, ఏడు ఉంటే కార్డు తన పేరు తాను చెప్పుకుంటుందట. ప్రతి స్వరం కిందా కార్డు పెట్టడం ప్రతి మెతుకుకీ ఒక విస్తరి వెయ్యడం లాంటిదట. చివరికి తొమ్మిది మిగిలాయి. ఎనిమిది నెలల శ్రమ, నాలుగు నిమిషాల్లో రైటాఫ్.

నేను ఊరుకుంటానా? సాక్షుల్ని పిలిచాను. 1973లో జో పాస్ అనే జాజ్ గిటారిస్టు, పక్కన ఎవరూ లేకుండా, ఒక్క గిటార్‌తో చేసిన 'వర్చువోసో' రికార్డు ఫోన్‌లో పెట్టి వినిపించాను. ఆ పరుగులు వింటే మనిషికి చెమట పడుతుంది. "ఇదిగో, ఇంతకంటే హంగులున్నాయా నా దాంట్లో?" అన్నాను. మాస్టారు వింటూ వింటూ పరుగు మధ్యలో ఆపేశారు. "పాట ఇప్పుడెక్కడుంది?" నేను తెల్లమొహం వేశాను. ఆయన ఆగిన చోటి నుంచి తర్వాతి ముక్క నోటితో పాడి, మళ్ళీ ప్లే నొక్కారు. జో పాస్ పరుగు పూర్తిచేసుకుని సరిగ్గా ఆ ముక్క మీదే వచ్చి వాలాడు. ఇంకోచోట ఆపారు, మళ్ళీ అదే. "ఈయన ఎంత అప్పు చేసినా వాయిదా తప్పడు" అన్నారు మాస్టారు, నా వృత్తి మీద జోకు వేస్తున్నాననుకుని. ఇలాంటి ఖాతాదారులు మాకు నచ్చరన్న సంగతి ఆయనకి తెలియదు. సరైన వేళకి కట్టేవాడి దగ్గర అపరాధ రుసుము ఎలా వస్తుంది?

ఆయన సాక్షులు ఇంకా అన్యాయం. ఫ్రెడ్డీ గ్రీన్ అట. కౌంట్ బేసీ జాజ్ ఆర్కెస్ట్రాలో 1937లో చేరి 1987లో పోయేదాకా గిటార్ వాయించాడు. కార్డు పట్టినట్టే పడతాడు గానీ చాలాసార్లు అందులో గట్టిగా మోగేది ఒకటో రెండో స్వరాలట. ఏభై ఏళ్ళ సర్వీసు! ఇంతకంటే పొదుపైన ఉద్యోగి హెడ్డాఫీసులో కూడా లేడు. జిమ్ హాల్ అని ఇంకొకాయన. ఆయన దగ్గర ఖాళీలు కూడా పాటలో భాగమట. ఖాళీని ఆస్తి కింద చూపించిన బ్యాలెన్స్ షీటు మీద నేనైతే సంతకం పెట్టను.

విదేశీ సాక్షులు ఎదురుతిరిగారని స్వదేశీ శాస్త్రానికి వెళ్ళాను. 1904లో సుబ్బరామ దీక్షితులు ఎట్టయాపురంలో అచ్చు వేయించిన 'సంగీత సంప్రదాయ ప్రదర్శిని' తెలుగులోనే ఉంది. తమిళదేశంలో తెలుగు అచ్చు, అందులో స్వరాలకి గమకాల, అంటే స్వరాన్ని ఊపే మెలికల, గుర్తులు. హంగులు మన రక్తంలో ఉన్నాయనడానికి ఇంతకంటే దస్తావేజు ఏం కావాలి? మాస్టారు ఒకే ఒక్క ప్రశ్న వేశారు. "గుర్తు దేని మీదుంది?" స్వరం మీద. "స్వరం తీసేసి గుర్తొక్కటే అచ్చువేశారా ఎక్కడైనా?" నేను జవాబు చెప్పలేదు. చెప్పకపోవడం నా హక్కు.

త్యాగయ్య కృతుల్లో సంగతులంటారే, వాటి దగ్గర కూడా ఇదే గొడవ. పల్లవి మొదట సాదాగా వస్తుంది. రెండోసారి ఒక చిన్న మలుపు. మూడోసారి ఆ మలుపు మీద ఇంకో మెలిక. మాటలు కదలవు, తాళంలో వాటి చోటు కదలదు. ఐదో ఆరో సంగతులయ్యాక విన్నవాడికి ఆ సాదా వరుస చుట్టం అయిపోతుంది. జాజ్ పాటల్లో చాలావాటికి ముప్ఫై రెండు బార్ల కట్టడం కూడా ఇందుకు అనుకూలమే. మొదటి ఎనిమిది, మళ్ళీ అవే ఎనిమిది, వేరే ఎనిమిది, మళ్ళీ మొదటివి. ఒకే మాట మూడుసార్లు చెప్పే వీలుంది కనక మొదటిసారి సాదాగా చెప్పి తర్వాత ముస్తాబు చెయ్యమంటారు. నేను నేరుగా ఏడో సంగతితో మొదలుపెట్టాను. మొదటి ఆరూ జనం ఇంట్లో వినేసి వస్తారని నా అంచనా. పెళ్ళికి వెళ్తే మనమేమైనా పెళ్ళికూతురి మొహం చూస్తామా? వడ్డాణం ఎన్ని కాసులని అడుగుతాం.

కాబట్టి నా ప్రతిపాదన ఇలా ఉంది. పాట మొదలైన నిమిషంలోపు ఎవరైనా గుర్తుపడితే ఆ కళాకారుడి మీద విచారణ జరగాలి. వెంట కూనిరాగం తీసిన శ్రోతని సాక్షిగా పిలవాలి. ముసాయిదా తయారుచేస్తూ ఉండగా, పోయిన శనివారం మొదటి తీగ పుటుక్కున తెగింది.

ఈ ఊరి ఉప్పుగాలికి తీగలు నెల తిరక్కుండా తుప్పు పడతాయి. మౌంట్‌రోడ్డుకి వెళ్ళి కొత్తది తెచ్చి బిగించాను. కొత్త తీగ కొత్త అల్లుడి లాంటిది, ఎంత బిగించినా కాసేపటికి జారుతుంది. శ్రుతి చెయ్యడం, లాగడం, మళ్ళీ శ్రుతి చెయ్యడం. మెట్టుమెట్టుకీ సరిగ్గా పలుకుతోందో లేదో చూడాలంటే ఆ ఒక్క తీగ మీదే ఏదో ఒకటి నెమ్మదిగా వాయించాలి. చేతికి ఎనిమిది నెలలుగా అలవాటైంది ఆ పల్లవే కనక అదే వాయించాను. కార్డు లేదు, బేసు లేదు, మిగతా ఐదు తీగలూ ఊరికే ఉన్నాయి.

బాల్కనీలో పెద్దమ్మ పేపర్ పరుచుకుని చింతపండు గింజలు తీస్తోంది. రెండో లైనుకి అటునుంచి ఏదో వినిపించింది. మిక్సీ అనుకున్నాను. కాదు, పాడుతోంది. ఎనభై రెండేళ్ళ గొంతు, పైకి వెళ్ళినప్పుడు జీర వస్తోంది. ఒక్క మాట పోలేదు. నాలుగు మాత్రలు నిలబెట్టే చోటు వచ్చింది. నా తీగ అలవాటు ప్రకారం రెండో మాత్రకే పోయింది. అక్కడ నేను ఎప్పుడూ వేసే పరుగు వెయ్యబోయాను, ఈలోపు చోటు లేదు. ఆవిడ గొంతు అక్కడ కూర్చుని ఉంది. చింతపండు చేతులు పేపర్ మీద ఆగిపోయి ఉన్నాయి.

తీగ మళ్ళీ జారింది. బిరడా తిప్పడానికి ఆపాను.

"ఆపేశావేంరా?" అంది.

"పాట కాదు పెద్దమ్మా, కొత్త తీగ సరిచూస్తున్నాను."

"అలాగా" అని మళ్ళీ గింజల్లో పడింది. కాసేపాగి, తలెత్తకుండానే, "చరణం కూడా ఒకసారి సరిచూడు" అంది.