పొలానికొస్తే చీడ, వలకొస్తే ఖర్మ

కొండ కింద కూర్చుని సముద్రం గురించి సంపాదకీయమా అని కొందరికి అనిపించవచ్చు. తిరుపతి పేరు చెబితే గుర్తుకొచ్చేవి ఏడుకొండలు, క్యూలైన్లు, అలిపిరి మెట్లు. అయితే 2022 ఏప్రిల్ 4న కొత్త జిల్లా ఏర్పడ్డాక మనకు సముద్రం కూడా వచ్చి చేరింది. తడ, సూళ్లూరుపేట, వాకాడు వైపు, కొండ మీద సుప్రభాతం వేళకే పడవను నీళ్లలోకి తోసేవాళ్లు ఉన్నారు. కలెక్టరేట్ తిరుపతిలో ఉంది కాబట్టి వాళ్ల గోడు వినాల్సింది కూడా ఇక్కడే. తుపాను, డీజిలు ధర, పక్క రాష్ట్రం బోట్లు... వాళ్ల కష్టాల్లో ఇవి అందరికీ తెలిసినవి. ఎవరూ పెద్దగా పట్టించుకోనిది ఇంకొకటుంది, జెల్లీఫిష్. పడవ మీద వాళ్ల మాటలో జెల్లీ.

అది వల లాగేటప్పుడే తెలిసిపోతుంది. మామూలుగా వల బరువెక్కితే పడవలో వాళ్ల ముఖాలు వెలుగుతాయి. చేపల బరువు కొట్టుకుంటుంది, అదురుతుంది, తాడు పట్టుకున్న చేతికి ప్రాణం తగులుతుంది. జెల్లీ బరువు అలా ఉండదు. తడిసిన పరుపును లాగుతున్నట్టు మొద్దుగా వేలాడుతుంది. నలుగురు లాగే వలను ఎనిమిది మంది లాగినా పైకి రాదు. పడవ ఒక పక్కకు ఒరుగుతుంది. వల కళ్లన్నీ జిగటతో మూసుకుపోతాయి. దాంతోపాటు పడిన నెత్తళ్లు, కవళ్లు ఆ ముద్ద కింద నలిగిపోయి, వాటిని ఏరుకున్నా కొనేవాడు ఉండడు. మోచేతుల దాకా మంట. చెమట తుడుచుకోబోయి ఆ చేత్తోనే కన్ను తాకితే ఇక ఆ పూటకు పని అయినట్టే. చివరికి ఎవరో ఒకరు కత్తి తీసి వల కోస్తారు. డీజిలు, ఐసు, కూలి, వల, నాలుగూ పోయాయి. ఒడ్డుకొచ్చాక ఎవరైనా అడిగితే 'జెల్లీ పడింది' అని రెండు ముక్కల్లో చెప్పి ఊరుకుంటారు.

పేరులో చేప ఉన్నా ఇది చేప కాదు. ఎముక లేదు, గుండె లేదు, మెదడు లేదు. ఒంట్లో నూటికి 95 పాళ్లు నీళ్లే. ఇంత ఉత్త నీళ్ల ముద్ద ఎంత పని చేయగలదో జపాన్ వాళ్లను అడగాలి. వాళ్ల తీరానికి వచ్చేది నొమురా జెల్లీ. గొడుగు 2 మీటర్ల వెడల్పు, బరువు 200 కిలోల దాకా. 1920లో, 1958లో, 1995లో ఇలా తరానికోసారి విరుచుకుపడేది కాస్తా 2002 తర్వాత దాదాపు ఏటా రావడం మొదలుపెట్టింది. చైనా, కొరియా మధ్య సముద్రంలో పుట్టి ప్రవాహంతో జపాన్‌కు కొట్టుకొస్తుంది. 2009 నవంబరులో చిబా తీరానికి దూరంగా 10 టన్నుల బోటు ఒకటి ఈ జెల్లీలతో నిండిన వలను లాగుతూ బోల్తా కొట్టింది. అందులో ఉన్న ముగ్గురు నీళ్లలో పడ్డారు. పక్క బోటు వాళ్లు చూసి కాపాడారు కాబట్టి బతికారు.

మన బంగాళాఖాతంలో నొమురా లేదు. ఇక్కడివి చాలా చిన్నవి. కానీ ఒక్కటి రాదు, దండులా వస్తుంది. పడవ మునగడానికి 200 కిలోల జెల్లీ ఒకటే అక్కర్లేదు, పళ్లెమంతవి వెయ్యి చాలు. మనకు దక్షిణాన కల్పాక్కం అణు విద్యుత్ కేంద్రంలో చల్లబరచడానికి తోడుకునే సముద్రపు నీళ్లతో జెల్లీలు కొట్టుకొచ్చి జల్లెడలకు అడ్డం పడటం పాత బాధే. అలాంటిదే 2025 ఆగస్టులో ఫ్రాన్స్‌లోని గ్రావలీన్ అణు కేంద్రంలో జరిగింది. నాలుగు రియాక్టర్లు ఆగిపోయాయి. విద్యుత్ కేంద్రం ఆగితే ప్రపంచమంతా వార్త. పడవ ఆగితే ఆ ఇంట్లో పొయ్యి ఆగుతుంది, అంతే.

ఎందుకొస్తాయి ఇన్ని? ఇక్కడ కాస్త ఓపిగ్గా చూడాలి. జెల్లీ పుట్టుక చిత్రమైనది. పిల్ల దశలో అది ఈదదు. రాయికో, రేవు గోడకో, మునిగిన ప్లాస్టిక్ సీసాకో మొక్కలా అతుక్కుని ఉంటుంది. దాన్ని పాలిప్ అంటారు. కాలం కలిసొచ్చినప్పుడు ఆ ఒక్క పాలిప్ పళ్లేల దొంతరలా విడిపోయి, ఒక్కో పళ్లెం ఒక్కో జెల్లీ అయి ఈదిపోతుంది. అంటే సముద్రంలో మనం వేసే ప్రతి కాంక్రీటు దిమ్మా, పారేసే ప్రతి సీసా దానికి ఉచిత గృహ పథకమే. నీళ్లలో ఎరువులు, మురుగు ఎక్కువై ఆక్సిజన్ తగ్గితే చేపలు చస్తాయి లేదా పారిపోతాయి. జెల్లీ మాత్రం తట్టుకుంటుంది. అది తినే సూక్ష్మజీవులనే తినే కవళ్లు, నెత్తళ్లను మనం ఊడ్చేస్తే దానికి పోటీ ఉండదు. తినడానికి వచ్చే తాబేళ్లూ తగ్గిపోతున్నాయి. ఆలివ్ రిడ్లే తాబేలు ఆహారంలో జెల్లీ కూడా ఉంటుంది. 2025 జనవరిలో చెన్నై తీరంలో ఆ తాబేళ్లు వందల సంఖ్యలో చచ్చి ఒడ్డుకు కొట్టుకొచ్చాయి. వలల్లో చిక్కి ఊపిరాడక చచ్చినవే ఎక్కువ.

ఇదంతా ఊహ అనుకునేవాళ్లు నమీబియా సంగతి చూడాలి. అక్కడ ఒకప్పుడు సార్డిన్లు, అంటే మన కవళ్లకు దాయాదులు, విపరీతంగా ఉండేవి. పెద్ద పెద్ద ఓడలు వచ్చి తోడేశాయి. 2006లో వెలువడిన లెక్క ప్రకారం ఆ నీళ్లలో జెల్లీలు 1.22 కోట్ల టన్నులు, చేపలన్నీ కలిపి 36 లక్షల టన్నులు. నల్ల సముద్రంలో ఇంకో కథ. 1980లలో ఓడల అడుగున నింపుకొచ్చిన నీళ్లతో జెల్లీకి దూరపు చుట్టమైన జీవి ఒకటి అమెరికా నుంచి దిగింది. కొన్నేళ్లకే అక్కడి నెత్తళ్ల వేట కుప్పకూలింది. అప్పటికే ఆ నెత్తళ్లను అతిగా పట్టేసి ఉన్నారన్నది కూడా మరిచిపోకూడదు.

అలాగని ప్రపంచమంతా జెల్లీమయం అయిపోతోందని గోల పెట్టడం మాకు ఇష్టం లేదు. 2013లో వచ్చిన ఒక పెద్ద పరిశోధన, జెల్లీల సంఖ్య సుమారు 20 ఏళ్లకోసారి పెరిగి తగ్గుతుంటుందని, మొత్తం మీద పెరుగుదల స్వల్పమేనని చెప్పింది. సముద్రానికి దాని లెక్కలు దానికుంటాయి. కానీ ఏ ఒడ్డున చేపలు తగ్గి, మురుగు పెరిగి, నీళ్లు వేడెక్కాయో ఆ ఒడ్డుకు ఆ పెరిగే కాలం గట్టిగా తగులుతుంది.

ఇక్కడే తిరుపతి లోపలికొస్తుంది. స్వర్ణముఖి మన చంద్రగిరి వైపు కొండల్లో మొదలై, తిరుచానూరు పక్క నుంచి, శ్రీకాళహస్తి గుడి ఒడ్డు నుంచి, నాయుడుపేట మీదుగా పోయి, వాకాడు బ్యారేజీ దాటి సముద్రంలో కలుస్తుంది. దారిలో మనం ఆ నదికి ఏం ఇచ్చి పంపుతున్నామో కాస్త వంతెన మీద ఆగి చూస్తే చాలు. ఎండాకాలంలో అందులో కనిపించే నల్లటి ధార వాన నీరు కాదు. వరదొచ్చినప్పుడు అదంతా ఒక్కసారిగా కిందికి కొట్టుకుపోతుంది. ఆ కింద రొయ్యల చెరువులు తమ వంతు కలుపుతాయి. మేత మిగులు, రెట్ట, సున్నం, మందులు అన్నీ కాలువల్లోకి. పడవ నడిపేవాడు వీటిలో ఏదీ చేయలేదు. వలలో పడింది మాత్రం అతనికే.

పులికాట్ దగ్గర మరో చిక్కు. సరస్సుకూ సముద్రానికీ మధ్య ముఖద్వారాలు ఇసుకతో పూడిపోతున్నాయని, పూడిక తీయించమని జాలర్లు ఏళ్లుగా మొత్తుకుంటున్నారు. నీళ్లు ఆడని సరస్సులో చేప పెరగదు. చేప దొరకని సరస్సు జాలరి సముద్రం వైపు వస్తాడు. అక్కడ తమిళనాడులోని కడలూరు నుంచి వచ్చే పెద్ద మరబోట్లు, సోనా బోట్లంటారే, అవి అప్పటికే అడుగు దాకా గీరి ఉంటాయి. శ్రీహరికోటలో రాకెట్ ఎగిరే రోజున వేటకు పోవద్దంటారు. అది దేశం కోసం, సరే. మిగిలిన రోజుల్లో దొరికేదాంట్లో జెల్లీ వాటా పెరిగితే ఆ మనిషి ఇంకెటు పోవాలి? సరస్సుకు అవతలి ఒడ్డున తమిళ జాలర్లు దాన్ని 'సొరి' అంటారు. సొరి అంటే దురద. పేరు సరిపోయింది గానీ వాళ్లకైనా మనవాళ్లకైనా గోక్కోవడం తప్ప వేరే దారి చూపినవాళ్లు లేరు.

మాకు అన్నిటికన్నా వింతగా తోచింది ఇది. 2025 నాటికి కేంద్రం గుర్తించిన విపత్తులు 12. తుపాను, కరువు, భూకంపం, అగ్ని ప్రమాదం, వరద, సునామీ, వడగళ్లు, కొండచరియలు, మంచు చరియలు, కుంభవృష్టి, చీడపీడల దాడి, చలిగాలులు. చీడపీడల దాడి ఉందని గమనించండి. మంచిదే, మిడతల దండు వస్తే రైతు ఏం చేయగలడు? మరి జెల్లీల దండు వస్తే జాలరి ఏం చేయగలడు? పొలం మీద వాలితే విపత్తు, వలలో వాలితే ఖర్మ అనడానికి కారణం ఒక్కటే కనిపిస్తోంది. పొలానికి పాసుపుస్తకం ఉంది, సముద్రానికి లేదు.

దీనికి ఢిల్లీ దాకా పోనక్కర్లేదు. కేంద్ర జాబితాలో లేని స్థానిక విపత్తులను రాష్ట్రమే ప్రకటించి, విపత్తు సహాయ నిధిలో 10 శాతం వరకు వాటికి ఖర్చు చేసే వీలు నిబంధనల్లోనే ఉంది. 2024లో కేరళ మనిషికీ అడవి జంతువులకూ మధ్య ఘర్షణను రాష్ట్ర విపత్తుగా ప్రకటించింది. ఏనుగుకు వర్తించిన నియమం జెల్లీకి ఎందుకు వర్తించకూడదు? ఉమ్మడి జిల్లాగా ఉన్నప్పుడు చిత్తూరు, పలమనేరు వైపు ఏనుగుల బాధ చూసినవాళ్లం, ఆ పోలిక మనకు వేరే చెప్పాలా? వేట నిషేధం 61 రోజులకు ప్రభుత్వం ఇస్తున్న సాయం రూ.10 వేల నుంచి రూ.20 వేలకు పెరిగింది. బాగుంది. అది ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 దాకా ఒడ్డున కూర్చున్నందుకు. వేటకు పోయి ఉత్త చేతులతో, చిరిగిన వలతో వచ్చిన రోజు సంగతి ఇంకా మిగిలే ఉంది.

జెల్లీని అమ్ముకోవచ్చుగా అనే మాట ఈమధ్య వినిపిస్తోంది. నిజమే, ఉప్పు, పటిక పెట్టి నీరు తీసేసి ఎండబెట్టిన జెల్లీని చైనా, జపాన్, ఆగ్నేయాసియా దేశాలు కొంటాయి. మన రాష్ట్ర తీరంలోనూ కొన్నిచోట్ల ఆ పని జరుగుతోంది. కానీ తినే జెల్లీ జాతులు కొన్నే. వచ్చే ఏడు వస్తాయో రావో ఎవరూ చెప్పలేరు. దళారి ఫోను ఎత్తకపోతే ఒడ్డున గుట్ట పోసింది రెండో రోజుకే కంపు. దొరికిన ఏడాది నాలుగు రూపాయలు వస్తే సంతోషం. దాన్ని నమ్ముకుని బతకమని సలహా ఇచ్చేవాళ్లు ముందు ఒక సీజను తాము ఆ పని చేసి చూడాలి.

ఇంకా చిన్న పనులు కొన్ని ఉన్నాయి, వాటికి జీవో కూడా అక్కర్లేదు. జెల్లీ కుట్టినచోట ఇసుకతో రుద్దకూడదని, మంచినీళ్లు పోయకూడదని, సముద్రపు నీళ్లతో కడిగి ఓర్చుకోగలిగినంత వేడి నీళ్లలో ఉంచాలని తీరం ఊళ్ల ఆరోగ్య కేంద్రాల గోడ మీద పెద్ద అక్షరాలతో రాయించవచ్చు. చేపలు ఎక్కడున్నాయో సూచనలిచ్చే హైదరాబాద్ ఇన్‌కాయిస్ ఉంది. జెల్లీ గుంపు ఎటు కదులుతోందో కూడా తడ, వాకాడు జాలరి ఫోనుకు తెలుగులో చేరేలా మత్స్యశాఖ వాళ్లతో కూర్చుని మాట్లాడవచ్చు. చైనా, జపాన్ మధ్య తిరిగే ఫెర్రీల పైన నిలబడి జపాన్ శాస్త్రవేత్తలు నొమురాలను కళ్లతో లెక్కపెట్టారు. ఆ లెక్కతోనే తమ జాలర్లకు ముందే కబురు పంపగలిగారు. ఉపగ్రహాలు ఎగరేసే జిల్లాలో ఉండి మనం ఆ మాత్రం లెక్కకు వెనకాడటం బాగుండదు.

రాష్ట్ర విపత్తుగా ప్రకటించమని అడగాలన్నా చేతిలో లెక్క కావాలి. ఏ రోజు, ఏ రేవు, ఎన్ని పడవలు, ఎన్ని వలలు కోశారు, ఎంత చేప పారబోశారు. ఇది మత్స్య సహాయకుడు రాయగలిగిన లెక్కే. జూన్ 14 అర్ధరాత్రి నిషేధం ముగిసి పడవలు మళ్లీ నీళ్లలోకి దిగేలోపు మన తీరంలోని ప్రతి ఊరి సచివాలయంలో ఒక నోటుపుస్తకం తెరిచి, మొదటి పేజీ మీద 'జెల్లీ' అని రాయించమని జిల్లా యంత్రాంగాన్ని కోరుతున్నాం. పుస్తకాలు కొనడానికి నిధులు లేవంటే చెప్పండి, మేం పంపిస్తాం.