విగ్రహానికి పనికిరాని సిల్వియా

మహిళా దినోత్సవం నాడు వేదిక మీద ఎవరి పేర్లు ఎత్తాలి, ఎవరివి ఎత్తకూడదు అనే విషయంలో మన పెద్దలు తగినంత జాగ్రత్త పడడం లేదని బాధతో మనవి చేస్తున్నాను. ముగ్గుల పోటీ సరే, ఉత్తమ ఉద్యోగినికి శాలువా సరే. ఆ తర్వాత ఉపన్యాసానికి లేచిన పెద్దమనిషి గొంతు సవరించుకుని, ‘పాంక్‌హర్స్ట్ పోరాటం వల్లే బ్రిటన్‌లో ఆడవాళ్లకు ఓటు వచ్చింది’ అని ఒక ముక్క వదిలేసి కూర్చుంటారు. ఏ పాంక్‌హర్స్ట్ అండీ? ఆ ఇంట్లో తల్లీ, ముగ్గురు కూతుళ్లూ అందరూ ఉద్యమకారులే. వింటున్న ఆడపిల్లలు ఫోన్లు తీసి వెతుకుతారు. తల్లి ఎమెలీన్ దగ్గర ఆగితే పరవాలేదు. పొరపాటున రెండో కూతురు సిల్వియా జీవితం చదివారంటే, రేపు ఇంట్లో జరిగేదానికి ఆ ఉపన్యాసకుడు పూచీ పడతాడా?

తల్లిగారితో ఏ పేచీ లేదు. కిటికీ అద్దాలు పగలగొట్టించారు, జైళ్లకు వెళ్లారు, నిజమే. కానీ మొదటి ప్రపంచ యుద్ధం రాగానే సర్కారు పక్షం చేరారు. చివరి రోజుల్లో కన్సర్వేటివ్ పార్టీ అభ్యర్థిగా కూడా ఒప్పుకున్నారు. 1928 జూన్ 14న కన్నుమూశారు, మూడు వారాలు తిరక్కుండానే ఆడా మగా తేడా లేకుండా 21 ఏళ్లకే ఓటు అనే చట్టం వచ్చింది. 1930లో పార్లమెంటు పక్క తోటలో విగ్రహం లేచింది. ఆవిష్కరించింది కన్సర్వేటివ్ నాయకుడు బాల్డ్విన్, వాయించింది పోలీసు బ్యాండు. ఏ శాఖవాళ్లు ఆమెను వీధుల్లో ఈడ్చి వ్యాన్లలో పడేశారో ఆ శాఖవాళ్లే బాకాలు ఊదారు. జీవితాన్ని ఇంత పద్ధతిగా ముగించిన మనిషికి దండ వెయ్యడానికి ఎవరికి మాత్రం అభ్యంతరం?

ఊరందరిదీ ఒక దారి, ఉలిపిరికట్టెది ఒక దారి. ఈ ఉలిపిరికట్టె, అంటే మన సిల్వియా, 1882లో మాంచెస్టర్‌లో పుట్టింది. తండ్రి రిచర్డ్ పాంక్‌హర్స్ట్ లాయరు. ఆడవాళ్ల ఓటు కోసం 1870లోనే బిల్లు ముసాయిదా రాసిన మనిషి. కాబట్టి పిల్ల చెడిపోవడానికి తల్లినొక్కదాన్నే అనలేం. 1898లో ఆయన పోయాక, సోషలిస్టు మిత్రులంతా కలిసి సాల్ఫర్డ్‌లో ఆయన పేరు మీద ఒక హాలు కట్టారు. లోపల బొమ్మలు వేసే పని సిల్వియాకు అప్పగించారు. ఆర్ట్ స్కూల్లో చదువుకున్న పిల్ల, పైగా కన్నతండ్రి స్మారకం. గులాబీలు, లిల్లీలు, శాంతికి పావురాలు, శ్రమకు తేనెటీగలు, ఆశకు పొద్దుతిరుగుడు పూలు... గోడల నిండా వేసింది. అంతా అయ్యాక తెలిసిన సంగతేమిటంటే, ఆ హాలు వాడుకునే సోషలిస్టు పార్టీ శాఖలో ఆడవాళ్లకు సభ్యత్వం లేదట. ఆడవాళ్ల ఓటు కోసం బిల్లు రాసినాయన పేరు మీద హాలు, ఆయన కూతురు వేసిన బొమ్మలు, లోపల మగవాళ్ల క్లబ్బు.

ఇందులో తప్పేముందో నాకిప్పటికీ అర్థం కాదు. బొమ్మలు వెయ్యడానికి రానిచ్చారు కదా. మనలాంటి వాళ్లమైతే ఒక మహిళా విభాగం పెట్టించి, దానికి ఆవిడని కన్వీనర్ చేసి, వేదిక మీద చివరి కుర్చీ వేసి సర్దిచెప్పేవాళ్లం. అక్కడ సర్దిచెప్పేవాళ్లు లేకపోయారు. 1903 అక్టోబరులో తల్లి ఇంట్లోనే ఆడవాళ్ల సంఘం పెట్టింది, విమెన్స్ సోషల్ అండ్ పొలిటికల్ యూనియన్, పొట్టిగా డబ్ల్యూఎస్‌పీయూ. పత్రికలు వెక్కిరింపుగా ‘సఫ్రజెట్లు’ అని పేరు పెట్టింది వీళ్లకే.

ఆ సంఘానికి బ్యాడ్జీలు, జెండాలు, సభ్యత్వ కార్డులు సిల్వియా వేసిచ్చింది. జైలుకెళ్లి వచ్చినవాళ్లకు ఇచ్చే బ్రోచ్ పిన్ను కూడా ఆమె గీసిందే. ఇక్కడితో ఆగి ఉంటే చిత్రకారిణిగా ఎంత పేరు వచ్చేదో! ఆగలేదు. లండన్ తూర్పు కొసన బో అనే పేట ఉంది. ఇరుకు సందులు, కుట్టుపని, అగ్గిపెట్టెల ఫ్యాక్టరీ, వారం కూలి వారానికి చాలని బతుకులు. ఈవిడ అక్కడికి మకాం మార్చేసి, ఓటు కావలసింది ముందు వీళ్లకే అనడం మొదలుపెట్టింది. అక్కడితో కూడా ఊరుకోక, 1913 నవంబరులో ఆల్బర్ట్ హాలుకు వెళ్లి, డబ్లిన్ కార్మికుల కోసం పెట్టిన సభలో ఐర్లండ్ కార్మిక నాయకుడు జేమ్స్ కానలీ పక్కన నిలబడి మాట్లాడింది.

1914 జనవరిలో పారిస్ నుంచి కబురొచ్చింది. అక్క క్రిస్టబెల్ అరెస్టు తప్పించుకుని అక్కడుంటోంది. జైలు నిరాహారదీక్షలతో సగమైన సిల్వియా, ఓడలో వాంతులు చేసుకుంటూ వెళ్లింది. అక్క ఒళ్లో చిన్న పొమరేనియన్ కుక్కపిల్ల. దాన్ని దువ్వుతూ చెప్పింది: ఇకమీదట నీ తూర్పు లండన్ సంఘం వేరు, మా సంఘం వేరు. కూలి ఆడవాళ్లు ఆడజాతిలోకెల్లా బలహీనులు, మాకు ఏరిన ఆడవాళ్లు కావాలి. ఇదంతా సిల్వియాయే తర్వాత రాసుకుంది. కుక్కపిల్ల సంగతి రాయకుండా ఉంటే కుటుంబ మర్యాద దక్కేది. అదే ఏడాది చెల్లెలు అడెలాను తల్లి ఆస్ట్రేలియా ఓడెక్కించి పంపేసింది. ఇంటి విషయాలు ఇంట్లో తేల్చుకోవడం అంటే అదీ.

ప్రభుత్వం మాత్రం సిల్వియా పట్ల ఎంత ఓపిక చూపిందో చెప్పకపోతే అన్యాయం. జైల్లో అన్నం మానేస్తే చచ్చిపోతుందేమోనని, ఉక్కు పరికరంతో దవడలు విడదీసి, గొట్టం దింపి, రోజుకు రెండుసార్లు తినిపించింది. చిగుళ్ల నుంచి రక్తం వచ్చినా విసుక్కోలేదు. ఒకసారి ఈవిడ నిద్ర కూడా మానేసి గదిలో 28 గంటలు అటూ ఇటూ నడిచి పడిపోయింది. ఇలాంటి దీక్షలకు విరుగుడుగా 1913లో ప్రత్యేకంగా ఒక చట్టమే చేశారు. నీరసపడితే వదిలేస్తారు, కాస్త కోలుకోగానే మళ్లీ పట్టుకుపోతారు. జనం దాన్ని ‘పిల్లీ ఎలుకా చట్టం’ అన్నారు. మంచి చేస్తే జనం పెట్టే పేర్లు అలాగే ఉంటాయి.

1914 జూన్‌లో హాలోవే జైలు నుంచి అలా నీరసంతో బయటికొచ్చి, ఇంటికెళ్లి పడుకోవాల్సింది పోయి, పార్లమెంటు మెట్ల మీద పడుకుంది. ప్రధాని ఆస్క్విత్ తూర్పు లండన్ ఆడవాళ్లతో మాట్లాడతాననేదాకా లేవనంది. ఆరోగ్యం బాగాలేని మనిషిని మెట్ల మీద చచ్చిపోనిస్తే బాగుండదని ప్రధాని ఒప్పుకున్నాడు. ఆరుగురు వెళ్లారు. వాళ్లలో బ్రష్షులు కట్టి బతికే ఒకావిడ, తాను చేసిన బ్రష్షు ఒకటి వెంట తీసుకెళ్లి ప్రధాని ముందు బల్ల మీద పెట్టి, తన చేతికి ఎంత దక్కుతుందో లెక్క చెప్పింది. అంతటి గదిలో, అంతటి బల్ల మీద, బ్రష్షు! ప్రోటోకాల్ అనేది ఒకటుందని ఆ పేటలో ఎవరూ చెప్పినట్టు లేరు.

రెండు నెలలకు యుద్ధం వచ్చింది. తల్లి, అక్క దేశభక్తిలో మునిగారు. సంఘం పత్రిక పేరు ‘సఫ్రజెట్’ తీసేసి ‘బ్రిటానియా’ అని పెట్టారు. సిల్వియా యుద్ధమే వద్దంది. అన్నదే కాకుండా, ఆ గందరగోళంలో గన్‌మేకర్స్ ఆర్మ్స్ అనే పబ్బు ఒకటి ఖాళీగా దొరికితే దాన్ని పట్టుకుని పసిపిల్లల సంరక్షణ కేంద్రం చేసి, ‘మదర్స్ ఆర్మ్స్’ అని బోర్డు కట్టించింది. బీరు పోసిన చోట పాలు పోశారు. ఆ వీధి మగవాళ్ల మనోభావాల గురించి ఆలోచించినవాళ్లు లేరు. రెండు పెన్నీలకు భోజనం పెట్టే హోటళ్లు తెరిచింది. వాటికి ‘కాస్ట్ ప్రైస్’ అని పేరు, దానధర్మం వాసన రాకూడదట. దానం చేసి దాత పేరు గోడకు చెక్కించుకోకపోతే, తర్వాతి తరాలకు ఎలా తెలుస్తుందండీ? జర్మనీ బొమ్మలు రావడం ఆగిపోతే, పనులు పోయిన ఆడవాళ్లతో బొమ్మల ఫ్యాక్టరీ పెట్టించింది. ఇవన్నీ ఓటు ఉద్యమం కిందికి ఎలా వస్తాయో ఆ సంఘం ఆడిటరే చెప్పాలి.

1916లో ట్రఫాల్గర్ స్క్వేర్‌లో నిర్బంధ సైనిక సేవకు వ్యతిరేకంగా సభ పెట్టేసరికి, అమెరికాలో ఉన్న తల్లి తంతి కొట్టించింది. సిల్వియా ప్రవర్తన మూర్ఖం, దేశభక్తి లేనిది, నేను ఖండిస్తున్నాను, ఆమె మా పేరు వాడుకోకుండా ఆపలేకపోతున్నందుకు చింతిస్తున్నాను అని. కన్నతల్లి బహిరంగంగా ఇంత మాట అన్నాక కూడా ఇంటిపేరు మార్చుకోని పిల్లను ఏమనాలి?

1918లో ఓటు రానే వచ్చింది. మగవాడికి 21 ఏళ్లకు, యుద్ధంలో ఉంటే 19కే. ఆడమనిషికి 30 దాటాలి, పైగా తనకో మొగుడికో కాస్త ఇల్లూ వాకిలీ ఆధారం ఉండాలి. ముప్ఫై దాటితే గాని ఆడదానికి బుద్ధి రాదని పార్లమెంటు తేల్చింది. ఇరవైల్లో ఉండి ఫ్యాక్టరీల్లో గుండ్లు తయారుచేసిన అమ్మాయిలు గుండ్లు చెయ్యడానికి సరిపోయారు గాని ఓటుకు సరిపోలేదు. అందరూ మిఠాయిలు పంచుకుంటుంటే సిల్వియా పంచుకోలేదు. అంతకంటే ఘోరం, ఏ పార్లమెంటులోకి రానివ్వమని ఇన్నేళ్లు పస్తులుందో, ఆ పార్లమెంటు వల్ల పేదవాడికి ఒరిగేదేమీ లేదని ప్రచారం మొదలుపెట్టింది. రష్యాలోలాగా సోవియట్లు, అంటే కార్మికుల సభలు, కావాలట.

పోనీ రష్యావాళ్లైనా మెచ్చారా? లెనిన్ 1920లో ‘వామపక్ష కమ్యూనిజం’ రాసి, ఈవిడ పేరు పెట్టి మరీ తప్పుపట్టాడు. మనలో ఎంతమందిని లెనిన్ పేరు పెట్టి తిట్టాడు? ఆ గౌరవంతో తృప్తిపడి ఇంట్లో ఫ్రేము కట్టించుకోకుండా, ఓడలో దొంగచాటుగా మాస్కో వెళ్లి ఆయనతో ముఖాముఖి వాదించి వచ్చింది. రాగానే రాజద్రోహం కేసు, ఆరు నెలల జైలు. మరుసటి ఏడాది, నీ పత్రికను మాకు అప్పగించు అని కమ్యూనిస్టు పార్టీ అడిగింది. ఇవ్వనంది, బయటికి పంపేశారు. తల్లి సంఘంలోంచీ గెంటించుకుని, తర్వాత కమ్యూనిస్టు పార్టీలోంచీ గెంటించుకోవడం ఎంత కష్టపడితే సాధ్యమవుతుంది!

తర్వాత లండన్ పక్కన వుడ్‌ఫర్డ్‌లో ప్రభుత్వాలే వద్దనే ఇటలీ అనార్కిస్టు సిల్వియో కోరియోతో కాపురం, చిన్న టీ దుకాణం. 1926లో మన బొంబాయి నుంచి ఆమె రాసిన పుస్తకం ఒకటి వచ్చింది, ‘ఇండియా అండ్ ది ఎర్త్‌లీ పారడైజ్’. దాన్ని తలచుకున్నవాళ్లు ఇక్కడా పెద్దగా లేరు లెండి. మరుసటి ఏడాది, 45వ ఏట కొడుకు పుట్టాడు. పెళ్లి చేసుకోలేదు, చేసుకోనంది. పిల్లాడికి తన ఇంటిపేరే పెట్టింది, పాంక్‌హర్స్ట్ అని. తల్లి ఆ తర్వాత ఆమె ముఖం చూడలేదు. తంతిలో చింతించినంతా జరిగింది.

ఇంతకీ విగ్రహాల సంగతి కదా మొదలుపెట్టాం. సిల్వియాకు విగ్రహాలంటే పడదని ఎవరూ అనుకోకూడదు, ఆవిడే స్వయంగా ఒకటి పెట్టించింది. 1932లో జెనీవాలో నిరాయుధీకరణ సభ జరిగింది. విమానాల నుంచి బాంబులు వెయ్యడాన్ని పూర్తిగా నిషేధిద్దామంటే బ్రిటన్ ఒప్పుకోలేదు. దూరదేశాల్లో, అంటే మన వాయవ్య సరిహద్దు లాంటి చోట్ల, శాంతిభద్రతలకు బాంబులు చవగ్గా పనికొస్తాయి కదా. సిల్వియా తన టీ దుకాణం స్థలంలో రాతి బాంబు ఒకటి చెక్కించి దిమ్మె మీద నిలబెట్టింది. 1932లో బాంబర్లు వాడే హక్కును కాపాడినవారికి దీన్ని అంకితం చేస్తున్నట్టు కింద రాయించింది. నిజానికి నాయకుల పేరిట ఇంత నిజాయితీ గల శిలాఫలకం నేనెక్కడా చూడలేదు. పెట్టిన కొత్తల్లోనే ఎవరో పాడుచేశారు, ఎత్తుకుపోయారు. మళ్లీ చేయించి పెట్టింది. ఇప్పటికీ ఉంది.

1935లో ముస్సోలినీ ఇథియోపియా మీద పడ్డాడు. లండన్ పెద్దలు లెక్కలు చూసుకుంటుంటే ఈవిడ మరుసటి ఏడాది ‘న్యూ టైమ్స్ అండ్ ఇథియోపియా న్యూస్’ అని వారపత్రిక పెట్టి 20 ఏళ్లు నడిపింది. యుద్ధమైపోయాక కూడా వదల్లేదు. 1948లో బ్రిటిష్ గూఢచారి శాఖవాళ్లు ‘విసిగించే మిస్ సిల్వియా పాంక్‌హర్స్ట్’ నోరు ఎలా మూయించాలా అని ఉత్తరాలు రాసుకున్నారు. అప్పటికి ఆవిడకు 66. మన దగ్గర ఆ వయసువాళ్లను నోరు మూసుకోమనడానికి గూఢచారి శాఖ అక్కర్లేదు, కోడలు చాలు.

1956లో ఇథియోపియా రాజధాని అడిస్ అబాబాకు మకాం మార్చేసింది, చక్రవర్తి హైలే సెలాసీ ఆహ్వానం మీద. జీవితమంతా రాజులొద్దన్న సోషలిస్టు! మీరు చక్రవర్తి అని కాదు, మీ వైపు న్యాయం ఉందని మద్దతిస్తున్నానని ఆయన ముఖం మీదే చెప్పిందంటారు. తెలుసు అన్నాడట ఆయన. 1960 సెప్టెంబరు 27న అక్కడే పోయింది. రాజ్య లాంఛనాలతో, చక్రవర్తి సమక్షంలో, హోలీ ట్రినిటీ కెథెడ్రల్ ముందు ఇటలీతో పోరాడిన దేశభక్తుల స్థలంలో ఖననం చేశారు. నాస్తికురాలు కావడంతో చర్చి పద్ధతికి ఇబ్బంది లేకుండా ‘వలాత క్రిస్టోస్’, క్రీస్తు పుత్రిక, అని పేరు కూడా ఇచ్చారు. తల్లి మాట, అక్క మాట, ప్రధాని మాట, లెనిన్ మాట ఏదీ వినని సిల్వియా ఈ ఒక్కసారికి కిక్కురుమనలేదు. నలభై ఏళ్ల ముందైతే అక్కడ కూడా నిరాహారదీక్షకు కూర్చునేది.